నాలుగో టేపు అడుగు పొర

నాన్నకు కుడిచెవి పూర్తిగా పోయిందనీ, ఎడమచెవి కూడా ఏడాదికి మించి పనిచేయదనీ డాక్టరు చెప్పిన వారంలోనే, అలకనంద అనే ఆవిడ ఆరు టేపుల్ని అట్టపెట్టెల్లో పెట్టుకుని తార్నాకలోని మా ధ్వని పరిశోధనశాలకు వచ్చింది. ఆవిడ తాతగారు సినిమా నిర్మాత. ఆయన తీసిన ఒక సినిమాకు నేపథ్య సంగీతం రికార్డు చేసిన అసలు టేపులవి. యాభై నాలుగేళ్ళ కిందటివి. మూత తీయగానే పుల్లటి వాసన గుప్పుమంది.

"ఇవి పనికొస్తాయా అండీ?" అని అడిగింది ఆవిడ.

నేను పెట్టె మీద అంటించిన చీటీలో సినిమా పేరు చదువుతూ ఉండిపోయాను.

దానికి పెద్ద పేరే ఉంది గానీ జనం ఎన్నడూ ఆ పేరుతో పిలవలేదు. పడవ సినిమా అనేవారు. మా నాన్న సింహాద్రి విజయనగరంలో ఒక సినిమా హాల్లో ఆపరేటరు. ఆయనకు ఇరవయ్యేళ్ళప్పుడు ఆ హాల్లో పడవ సినిమా నూట పన్నెండు రోజులు ఆడింది. అందులో వరద రోజున ఒక ఆడమనిషి నెలల బిడ్డతో ఒంటరిగా ఏరు దాటుతుంది. పదకొండు నిమిషాల పాటు మాట ఉండదు. సంగీతమే. సంగీత దర్శకుడు కేశిరాజు గారు అరవై మందిని కూర్చోబెట్టి చేసిన ఆ సంగీతం ఇప్పటికీ పెళ్ళి వీడియోల్లో, ఆటోల్లో, ఫోను రింగుల్లో వినిపిస్తూనే ఉంటుంది.

నాన్న బాధ ఒక్కటే. నూట పన్నెండు రోజులు, రోజుకు నాలుగు ఆటలు వేసి కూడా ఆయన దాన్ని సరిగ్గా వినలేదు. ఆపరేటరు గదిలో మిషన్ల రొద. పైగా సంగీతం పైకి లేచేచోటే ఒక రీలు అయిపోయి రెండో రీలు అందుకోవాలి. తెర మూలన చుక్క పడేదాకా కన్ను ఆర్పకుండా చూసి, పడగానే ఈ మిషన్ ఆపి ఆ మిషన్ వదలాలి. ఆ పని అయ్యేసరికి పడవ అవతలి ఒడ్డున ఉండేది.

"హాలంతా ఏడ్చీవారమ్మా. నానొక్కణ్ణే చుక్క కోసం చూసీవాణ్ణి," అనేవాడు.

తర్వాత ఆయన దాన్ని రేడియోలో విన్నాడు, క్యాసెట్లో విన్నాడు, సీడీలో విన్నాడు, చివరికి నేను కొనిచ్చిన ఇయర్‌ఫోన్లలో విన్నాడు. అవన్నీ అరిగిపోయిన ప్రింటు నుంచి ఎత్తినవి. కాపీకి కాపీ, దానికి కాపీ. "డబ్బాలో గులకరాళ్ళు కదిపినట్టుంది" అనేవాడు. నేను ధ్వనిశాస్త్రం చదవడానికి కారణం అదేనని చెప్పను గానీ, ఎమ్మెస్సీలో చేరిన రోజు ఆయన అడిగిన మొదటి ప్రశ్న, "అయితే పడవ సినిమా మ్యూజిక్కు బాగు చేసీగలవా?" అని.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చి, ఆయన ఎడమవైపు కూర్చుని చెప్పాను. "అసలు టేపులు దొరికాయి నాన్నా."

ఆయన తింటున్న చేయి ఆపేశాడు. "అసలువంటే? కేశిరాజుగారు రికార్డు చేసినవేనా?"

"అవే. వచ్చే నెలకల్లా నీకు వినిపిస్తాను. ఏదీ పోకుండా. ఆ రోజు ఆ గదిలో ఎలా వినపడిందో అలా."

ఆయన అన్నం అలాగే వదిలేసి చేయి కడుక్కుని, హియరింగ్ ఎయిడ్ తీసి బ్యాటరీ మార్చుకున్నాడు.

*

మామూలు టేపురికార్డరులో టేపు 'హెడ్' అనే లోహపు తలకు రాసుకుంటూ పోతుంది. ఇంత పాత టేపును అలా పోనిస్తే దాని మీది పూత ఊడి తలకు అంటుకుపోతుంది. మేము తొమ్మిదేళ్ళు కష్టపడి చేసిన యంత్రం టేపును తాకదు. సన్నటి కాంతిరేఖ ఒకటి పూత మీదుగా నడుస్తూ, ఒక్కో అయస్కాంత రేణువు ఏ దిక్కుకు తిరిగి ఉందో చూసి రాసుకుంటుంది. దేన్నీ కుదించదు, దేన్నీ వదలదు. ల్యాబులో అందరం దాన్ని 'చెవి' అనేవాళ్ళం. దానికి ఒకే ఒక లోపం. ఆ వేడికి, చూసిన రేణువు చూసినట్టే కాలిపోతుంది. టేపు ఒక్కసారే నడుస్తుంది. ఆ తర్వాత యంత్రం వెనక తట్టలో ముదురు గోధుమరంగు పొడి మిగులుతుంది.

మొదటి మూడు టేపులూ సాఫీగా వచ్చాయి. నాలుగోది పడవ సీను. దాన్ని మొత్తం నడిపే ముందు మొదటి పన్నెండు సెకన్లు పరీక్షగా చూశాను. సంగీతం మొదలవకముందు ఉండే ఖాళీ అది, కాలిపోయినా నష్టం లేదు. అక్కడ ఏమీ ఉండకూడదు. కానీ తెర మీద పూత అడుగున సన్నని గీతలు కనిపించాయి. వాటిని ధ్వనిగా మార్చి విన్నాను.

ఎవరో దగ్గారు. కుర్చీ జరిగిన చప్పుడు. తర్వాత ఒక మగగొంతు మద్రాసు యాసలో, "పడవ సీను. మ్యూజిక్ ఎఫ్రాయిము. టేక్ టూ" అంది. ఆ వెంటనే, వయొలిన్ కంటే మంద్రంగా పలికే సెల్లో ఒకటి మొదలై, పన్నెండు సెకన్ల దగ్గర తెగిపోయింది. అది కేశిరాజు గారి సంగీతం కాదు.

అట్టపెట్టె తెచ్చి చూశాను. చీటీ మీద ఎర్ర పెన్సిలుతో కొట్టేసిన ఒక పేరు ఉంది. వెలుతురుకు పట్టి చూస్తే చదవడానికి వీలైంది. పి. ఎఫ్రాయిము.

అప్పట్లో కొత్త టేపు దొరకడం కష్టం. వద్దనుకున్న రికార్డింగును చెరిపేసి దాని మీదే ఇంకోటి చేసేవారు. కానీ చెరపడం పూర్తిగా జరగదు. పూత అడుగున కొన్ని మొండి రేణువులు పాత దిక్కునే ఉండిపోతాయి. మామూలు టేపురికార్డరుకు అవి తెలియవు. మా యంత్రానికి తెలుస్తాయి.

అక్కడే చిక్కు వచ్చింది. పైపొరను చదవాలంటే కాంతి నెమ్మదిగా నడవాలి. ఆ వేడి కిందికి దిగి అడుగుపొర చెరిగిపోతుంది. అడుగుపొర కావాలంటే పైపూతను చదివే తీరిక లేకుండా ఒక్క ఊపులో ఊడ్చేసి లోపలికి పోవాలి. రెండూ రావు. ఏదో ఒకటే. వేరే పద్ధతి కనిపెట్టేదాకా ఆగుదామంటే, పూత అప్పటికే పెచ్చులు లేస్తోంది. ఇంకో వానాకాలం దాటదు.

మిగతా రెండు టేపుల మొదట్లోని ఖాళీలూ అలాగే చూశాను. వాటిలో అడుగున ఏమీ లేదు. నాలుగోదాన్లోనే.

*

పి. ఎఫ్రాయిము ఎవరో తెలుసుకోవడానికి వారం పట్టింది. పెదపూడి ఎఫ్రాయిము, ఎనభై అయిదేళ్ళు, చెన్నై సాలిగ్రామంలో ఒక మేడ మీది వాటాలో ఉంటున్నారు. పిల్లలకు వయొలిన్ నేర్పుతారు. తెనాలి దగ్గర పల్లెటూరి మనిషి. చర్చిలో ఒక మిషనరీ దొరసాని దగ్గర వయొలిన్ నేర్చుకుని మద్రాసు రైలెక్కారట.

నేను వెళ్ళేసరికి గళ్ళలుంగీ కట్టుకుని, కిటికీ దగ్గర వయొలిన్ విల్లుకు గుగ్గిలం రాస్తున్నారు. నా పేరు కుముదిని అని చెప్పి, ఎందుకొచ్చానో చెప్పాను.

"పొరపాటు పడ్డావమ్మా. నేను సంగీత దర్శకుణ్ణి కాదు. వయొలిన్ వాయించేవాణ్ణి," అన్నారు.

నేను వాదించలేదు. హెడ్‌ఫోన్లు ఆయన చెవులకు పెట్టి పన్నెండు సెకన్లూ వినిపించాను.

ఆయన కళ్ళు మూసుకోలేదు. గోడవైపు చూస్తున్నారు. అయిపోయాక, "ఇంకోసారి పెట్టు," అన్నారు. పెట్టాను. మళ్ళీ అడిగారు. అయిదారుసార్లు అయ్యాక హెడ్‌ఫోన్లు తీసి ఒళ్ళో పెట్టుకున్నారు.

"ఆ దగ్గు కోటిరత్నానిది. ఫ్లూటు వాయించేవాడు. బీడీలు మానరా అంటే వినేవాడు కాదు. వాడు పోయి ముప్ఫై రెండేళ్ళయింది." కాసేపాగి అన్నారు. "సెల్లో మా అన్న దానియేలు. ఇంత శుభ్రంగా... ఆ రోజు నా కుర్చీలో కూర్చున్నా ఇంత శుభ్రంగా వినపడలేదమ్మా నాకు."

అప్పుడు ఆయన చెప్పారు. అప్పటికి ఆయనకు ముప్ఫై ఒకటి. దర్శకుడు కొత్తవాడు, స్నేహితుడు. ఒక సీను చేసి చూపించు, బాగుంటే సినిమా అంతా నీదే అన్నాడు. ఎఫ్రాయిము నెలరోజులు కూర్చుని పడవ సీనుకు సంగీతం రాశారు. నలభై రెండు మంది ఒక్కరోజు వాయించారు. మర్నాడు నిర్మాత విని వద్దన్నారు. రాసిన కాగితాలు, వాటిని వాద్యకారులకు ఎత్తిరాసే కాపీయిస్టు ఇల్లు మారినప్పుడు పోయాయి. ఇంకెవరూ ఆయనకు అవకాశం ఇవ్వలేదు.

నేను రెండు పొరల సంగతి చెప్పాను. పైది చదివితే కిందిది పోతుంది, కిందిది చదివితే పైది పోతుంది అన్నాను. 'నా కోసం ఆయనది పాడుచెయ్యొద్దమ్మా' అంటారని లోపల ఆశపడ్డానేమో తెలియదు. ఆయన అలా అనలేదు.

"నాది తియ్యి," అన్నారు.

"అది లక్షలమందికి..."

"లక్షలమంది దగ్గరా ఉందమ్మా అది. బాగా వినపడకపోవచ్చు, కానీ ఉంది. ఈ సందు చివర టీ కొట్లో రోజూ వేస్తాడు. నాది ఎక్కడుంది? నా దగ్గరే లేదు. ఎట్టా ఉండేదో కూడా మర్చిపోయా. నలభై రెండు మందిమి వాయించాం. అందులో నేనొక్కణ్ణే మిగిలా." ఆయన గొంతు పెరిగింది. "నువ్వు అడగడానికొచ్చావు గదా? అడిగావు. చెప్పా. నాది తియ్యి."

*

ఇంట్లో ఈ సంగతి చెప్పగానే నాన్న టీవీ కట్టేశాడు.

"మరి నా సంగతేటి?"

"ఇంకా ఏదీ అనుకోలేదు నాన్నా."

"అనుకోలేదంటే? నాకు మాటిచ్చినావు. ఆయనెవరో నాకు తెల్దు. ఎవరికీ తెల్దు. బాగులేదనే కదా తీసీసినారు? బాగులేనిదాని కోసం బాగున్నది తగలబెడతావేటి?"

"బాగోలేదని ఎవరన్నారు? ఎవరూ వినలేదు."

"నాకు ఒక్క చెవుందమ్మా. అది కూడా ఏడాదే. నానేటి అడిగినాను నిన్ను ఇన్నాళ్ళూ? ఒక్కటే కదా!"

ఆయన నన్ను అంత గట్టిగా అడగడం అదే మొదలు. మూడు రోజులు నాతో మాట్లాడలేదు. పొద్దున్నే లేచి కాఫీ తనే పెట్టుకుని, నా గ్లాసు బల్ల మీద పెట్టి తన గదిలోకి వెళ్ళిపోయేవాడు. గదిలోంచి ఫోన్లో పడవ సంగీతం వినపడేది. వాల్యూము చివరిదాకా పెట్టేవాడు. ఆ సంగీతం నాకూ చిన్నప్పటి నుంచీ ఇల్లంత అలవాటు. అమ్మ నాకు జడ వేస్తూ దాన్నే కూనిరాగం తీసేది. అమ్మ పోయాక నాన్న ఆ రాగం వచ్చినప్పుడల్లా దువ్వెన ఎక్కడుందో వెతికి ఇచ్చేవాడు. దాన్ని నేనే, నా యంత్రంతోనే, పొడి చేయాలా అనుకుంటే నిద్ర పట్టలేదు.

టేపుల యజమాని అలకనంద. ఆవిడకు ఫోను చేసి ఉన్నదున్నట్టు చెప్పాను. రెండు నెలల్లో ఆల్బం విడుదల చేస్తామని ఆవిడ అప్పటికే ప్రకటించింది. లాస్‌లెస్‌లో, అంటే ఏ శబ్దమూ పోకుండా, మొట్టమొదటిసారి అని పేపర్లలో కూడా వచ్చింది. సహజంగా 'కేశిరాజు గారిదే తీయండి' అంటుందనుకున్నాను. ఆవిడ మాత్రం, "వద్దన్నది మా తాతయ్యే కదండీ?" అంది.

"అవును."

"ఆ పెద్దాయన్ని పిలిపించండి. మీ నాన్నగారిని కూడా రమ్మనండి. నేను వస్తాను. నా అంతట నేను తేల్చలేను."

*

ఎఫ్రాయిము గారు పగటి రైల్లో వచ్చారు. తెల్లచొక్కా, నల్లప్యాంటు, చేతిలో వయొలిన్ పెట్టె. ల్యాబు గదిలో నాన్న ఒక మూల, ఆయన ఒక మూల కూర్చున్నారు. మధ్యలో యంత్రం. అందులో నాలుగో టేపు ఎక్కించి ఉంది. అలకనంద ఇద్దరికీ టీ అందించింది.

నాన్నే మొదలుపెట్టాడు. "మీరంటే నాకు కోపం లేదండి. కానీ ఆ సంగీతం నానెంత కాలం నుంచి... మీకెలాగ చెప్పాలో తెల్దు. నాలుగొందల నలభై ఎనిమిది ఆటలు వేసినాను."

"అన్ని ఆటలా?" అన్నారు ఎఫ్రాయిము గారు.

"ఒక్కటి కూడా మానలేదు. జొరమొచ్చినా వేసినాను. అందులో ఎవరేటి వాయించినారో కూడా కనిపెట్టీగలను. మధ్యలో వయొలిన్లు రెండు గుంపులు అవుతాయి చూడండి, బిడ్డ ఏడిచినప్పుడు. పై గుంపు ఒకటి వాయిస్తాది, కింద గుంపు ఇంకోటి..."

"కింద గుంపులో నేనున్నా," అన్నారు ఎఫ్రాయిము గారు.

నాన్న ఎడమచెవి ముందుకు వంచాడు. "ఏటన్నారు?"

"సెకండ్ వయొలిన్స్. మూడో కుర్చీ. మీరు చెప్పే చోట వాయించింది మేం ఎనిమిది మందిమి. అందులో నేనొకణ్ణి."

నాకూ ఈ సంగతి తెలియదు. చెన్నైలో ఆయన చెప్పలేదు.

"నాది వద్దన్న మూడు రోజులకు కబురొచ్చింది," అన్నారాయన. "కేశిరాజు గారు చేస్తున్నారు, రెండో వరసలో మనిషి తక్కువ, వస్తావా అని. మా ఆవిడ నిండు నెలలు. పోయా. అదే రికార్డింగు థియేటరు, అదే తెర, అదే పడవ. అద్దం అవతల ఇంజనీరు పెట్టెలోంచి టేపు తీస్తున్నాడు. పెట్టె మీద నా పేరు. ఎర్ర పెన్సిలు తీసి గీత గీశాడు. వాడికి నన్ను చూడాలని లేదు పాపం, తల వంచుకునే ఉన్నాడు. టేపు ఎక్కించాడు. ఎర్రలైటు వెలిగింది. నేనూ విల్లెత్తా."

నాన్న చాలాసేపు ఆయన చేతుల వంక చూశాడు. తర్వాత అడిగాడు. "మీ సంగీతం మీద మీరే వాయించినారా?"

"మేం వాయిస్తుంటే అది చెరిగిపోతోంది. నాకు తెలుసు. తప్పు నోటు వాయిస్తే టేకు ఆపుతారు, ఇంకాసేపు బతుకుతుంది అనిపించింది. కానీ వాయించలా. సరిగ్గానే వాయించా. కేశిరాజు గారు మెచ్చుకున్నారు కూడా."

అలకనంద కళ్ళజోడు తీసి తుడుచుకుంటోంది. నాన్న లేచి యంత్రం దగ్గరికి వచ్చాడు. అద్దం మూత కింద టేపు కనిపిస్తోంది. దాని వైపు చూస్తూనే నాతో అన్నాడు.

"ఆయనదే చదివీమ్మా."

"నాన్నా..."

"చదివీ. నాను నాలుగొందల ఆటలు ఇన్నాను కదా. సరిగ్గా ఇన్నానో లేదో, ఇన్నాను. ఆయన ఒక్కసారీ ఇనలేదు." ఆయన కుర్చీలోకి తిరిగి వెళ్ళలేదు. అక్కడే నిలబడ్డాడు.

నేను అలకనంద వైపు చూశాను. ఆవిడ తల ఊపింది.

మీట నొక్కాను. పైపూత ఊడ్చుకుపోతున్న చప్పుడు సన్నగా, ఇసుక జారినట్టు వినిపించింది. పైపూత ఒక్క ఊపులో పోతున్నా, అడుగుపొర చదువుతూ పదకొండు నిమిషాల టేపు నడవడానికి మూడు గంటలు పట్టింది. తట్టలో పొడి పేరుకుంటూ ఉంటే నాన్న దాన్నే చూస్తూ నిలబడ్డాడు. ఎంత చెప్పినా కూర్చోలేదు.

*

స్పీకర్లలో మొదట కోటిరత్నం దగ్గాడు. కుర్చీ జరిగింది. టేకు చెప్పారు. దానియేలు సెల్లో మొదలైంది.

యాభై నాలుగేళ్ళు మట్టికింద ఉన్నది ఇలా వస్తుందని నేను కూడా అనుకోలేదు. కాగితాలు తిప్పిన చప్పుడు, విల్లు తీగ మీద ఆనిన క్షణం, ఊపిరి తీసుకోవడం, ఎవరో కాలితో తాళం వేస్తూ మధ్యలో మానుకోవడం, అన్నీ ఉన్నాయి. ఏ కుర్చీ ఎక్కడుందో చేత్తో చూపించవచ్చు. ఎఫ్రాయిము గారు ఒక్కొక్కరి పేరే చెప్పుకుంటున్నారు. దానియేలు. కోటిరత్నం. సెబాస్టియన్. పెద్ద మస్తాను. చిన్న మస్తాను. కొందరి పేర్లు గుర్తు రాక పెదవులు ఆడించారు.

మూడు నిమిషాల తర్వాత ఆయన పేర్లు చెప్పడం ఆపేశారు. నొసలు ముడిపడింది. సంగీతం విడువకుండా సాగుతోంది. వయొలిన్ల మీద ఫ్లూట్లు, ఫ్లూట్ల మీద ట్రంపెట్లు, ఎక్కడా సందు లేదు. ఒక రాగం పూర్తిగా విప్పుకోకముందే ఇంకో రాగం వచ్చి పడుతోంది. నాకు సంగీతం అంతగా తెలియదు. అయినా ఏదో ఇరుకుగా అనిపించింది. ఆ మాట మనసులోకి రానివ్వడానికే భయం వేసింది.

ఏడో నిమిషంలో, ఒక్కసారిగా అన్నీ ఆగి, సెల్లో ఒక్కటే మిగిలింది. దాని కింద రెండు వయోలాలు మెల్లగా ఊగుతున్నాయి. నలభై సెకన్లు. నాన్న నా భుజం పట్టుకున్నాడు. ఆ తర్వాత మళ్ళీ అందరూ కలిసి మొదలుపెట్టేశారు, చివరిదాకా ఆపలేదు.

సంగీతం అయిపోయింది. చివర్లో ఎవరో "అబ్బ!" అన్నారు. అది ముప్ఫై ఒక్కేళ్ళ ఎఫ్రాయిము గొంతు.

ఎనభై అయిదేళ్ళ ఎఫ్రాయిము గారు జేబురుమాలు తీసి ముఖం తుడుచుకున్నారు. అలకనంద ఏదో అనబోయింది. ఆయన చేయి అడ్డం పెట్టారు.

"మీ తాతగారు చెప్పింది నిజమేనమ్మా," అన్నారు.

"అయ్యో, అలా కాదండీ..."

"కాదు, నిజమే. వచ్చిందంతా ఒకే సీనులో కుక్కా. మళ్ళీ అవకాశం వస్తుందో రాదో అని. ఆ పిల్ల పడవలో ఒంటరిగా పోతుంటే వెనక పెళ్ళి ఊరేగింపు పెట్టా." ఆయన నవ్వుతున్నారో ఏడుస్తున్నారో తెలియలేదు. "యాభై నాలుగేళ్ళు వాళ్ళు నన్ను తొక్కేశారనుకున్నా. మా ఆవిడ పోయేదాకా ఆమెతో అదే చెప్పా. కేశిరాజు గారి శవం దగ్గరికి కూడా పోలా. ఇప్పుడు వింటే, నేనైనా తీసేసేవాణ్ణే."

దీనికోసమా మేము కేశిరాజు గారి సంగీతాన్ని పొడి చేసింది? నాన్న ముఖం చూడటానికి ధైర్యం చాలలేదు. తట్టలో గుప్పెడు పొడి ఉంది. ఏ యంత్రమూ దాన్ని ఇక సంగీతం చేయలేదు.

నాన్న మాత్రం ఎఫ్రాయిము గారి పక్కన కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. ఎడమచెవి ఆయన వైపు ఉండేలా.

"ఆ మధ్యలోది, ఒక్కటే మోగినాది, అదేటండీ? మీ అన్నగారిదా?"

"ఆఁ. అది మా అన్నదే."

"అదింకోసారి ఇనాలనుంది. మీరేటీ అనుకోకపోతే."

ఆ నలభై సెకన్లూ ఆ మధ్యాహ్నం పదహారుసార్లు పెట్టాను.

*

ఆల్బం విడుదలైంది. ఆరింటిలో అయిదు టేపులు లాస్‌లెస్‌లో వచ్చాయి. పడవ సీను మాత్రం పాత ప్రింటు నుంచి ఎత్తినదే వేయాల్సి వచ్చింది. జరిగింది దాచకుండా అలకనంద ముందుమాటలో రాసింది. జనం మండిపడ్డారు. లక్షలమంది ఆస్తిని ఒక ముసలాయన సరదా కోసం తగలబెట్టారని రాశారు. సంస్థ నా మీద విచారణ వేసి, నాకు ఏడాదిపాటు యంత్రాన్ని ముట్టే అధికారం తీసేసింది. నేను వాదించలేదు. కోపగించుకున్నవాళ్ళది తప్పు అని ఇప్పటికీ అనలేను. ఆ సంగీతం మోగినప్పుడల్లా, ఇక ఎప్పటికీ ఇంతే కదా అనిపిస్తుంది.

ఎఫ్రాయిము గారు చెన్నై వెళ్ళి వారానికే ఫోను చేశారు. "ఆ నలభై సెకన్లు ఉన్నాయి గదా, అక్కణ్ణించి మొదలుపెట్టి మళ్ళీ రాస్తన్నానమ్మా. సీను గుర్తుకు రావట్లా. ఏది ముందో ఏది వెనకో..."

"మా నాన్నకు ప్రతి ఫ్రేమూ గుర్తే," అన్నాను.

అలా ఆయన మళ్ళీ హైదరాబాదు వచ్చారు. సినిమా బొమ్మ నా కంప్యూటర్లో ఉన్నా, ఇద్దరూ దాని మొహం చూడలేదు. మా ముందుగదిలో బల్లకు అటొకరు ఇటొకరు కూర్చుని, నాన్న వేలితో బల్ల మీద పడవ నడుపుతూ చెప్పేవాడు. "ఇప్పుడు నీట్లో గెడ వేస్తాది. ఆగండాగండి, పడవ ఇంకా కదల్లేదు. బిడ్డ ఇంకా నిద్రలోనే ఉన్నాడు." ఎఫ్రాయిము గారు పెన్సిలుతో రాసేవారు, చెరిపేవారు. "ఇక్కడ ట్రంపెట్లు తీసేస్తన్నా సింహాద్రీ." "తీసీండి. ఆ చప్పుడుకి బిడ్డ లేచిపోతాడు." నేను అన్నం వడ్డించి ఎన్నిసార్లు పిలిచినా లేచేవారు కాదు. నలభై రెండు మందికి రాసింది పద్నాలుగు మందికి తగ్గింది.

డిసెంబరులో, సికింద్రాబాదులో ఒక చర్చి హాల్లో దాన్ని వాయించారు. చర్చి బృందంలోవాళ్ళూ, ఎఫ్రాయిము గారి శిష్యులూ కలిసి పద్నాలుగు మంది. గోడ మీద మూగగా పడవ సీను వేశాం. వినడానికి వచ్చినవాళ్ళం ఇరవై మందిమి ఉంటాం. నాన్న ఎడమచెవి అప్పటికే డాక్టరు చెప్పినదానికంటే తొందరగా దిగిపోయింది. సెల్లో లాంటి మంద్రస్వరాలు అందుతున్నాయి గానీ ఫ్లూటూ వయొలిన్లూ అందడం లేదు. ఎఫ్రాయిము గారు వాయించేవాళ్ళలో కూర్చోలేదు. నాన్న పక్కన కూర్చుని, రాసిన కాగితాలు ఒళ్ళో పరుచుకుని, ఏ వాద్యం ఎక్కడుందో వేలితో చూపిస్తూ వచ్చారు. నాన్నకు ఒక్క నోటూ చదవడం రాదు. ఆ వేలినే చూస్తున్నాడు. వేలు పైకి పోతే తలెత్తుతున్నాడు, దిగితే దించుతున్నాడు.

ఏరు మధ్యకు పడవ వచ్చింది. ఎఫ్రాయిము గారి వేలు కాగితం మీంచి లేచింది. పద్నాలుగు మందీ విల్లులూ ఫ్లూట్లూ దించేశారు. గోడ మీద పడవ మెల్లగా తిరుగుతోంది.

నాన్న కంగారుగా చెవిలోని మిషన్ సర్దుకుని, "ఇక్కడ నాకేటీ ఇనపడ్డం లేదండీ," అన్నాడు.

"ఇక్కడ ఏమీ లేదు సింహాద్రీ," అన్నారు ఎఫ్రాయిము గారు. "ఇక్కడ ఎవరికీ వినపడదు. ఇక్కడ నీళ్ళే."

నాన్న చేయి కిందికి దించి, వెనక్కి ఆనుకుని, పడవను చూస్తూ కూర్చున్నాడు.